గుర్రాలు లేని పఠాన్లు

ఆ రోజుల్లో మా వనపర్తిలో డాక్టరు సీటు గురించి మాట్లాడే ప్రతి ఇంట్లోనూ రెండే భయాలుండేవి. పిల్ల పరీక్షలో తప్పుతుందేమోనని ఒకటి, గట్టెక్కినా 'నాన్‌లోకల్' అయిపోతుందేమోనని రెండోది. మార్కులు పిల్లల పని, లోకల్ తండ్రుల పని అని ఎవరూ చెప్పకుండానే పంచేసుకున్నారు. చాయ్ హోటల్లో కూచున్న తండ్రులు ఒకప్పుడు వానల గురించి మాట్లాడుకున్నట్టుగా, పిల్ల ఇక్కడే చదివిందని బడి ఇచ్చే బోనఫైడ్‌ల గురించి మాట్లాడుకునేవారు. గద్వాల పిల్లగాడొకడు దగ్గరే కదా అని కర్నూలు పోయి పదీ ఇంటరూ చదివి, మంచి ర్యాంకు తెచ్చుకుని, తీరా చూస్తే సొంత రాష్ట్రంలో తనే పరాయివాడై కూచున్న కథ నేను ఎన్ని నోళ్ల నుంచి విన్నానో లెక్కలేదు. నాకు మాత్రం ఆ రెండు భయాల్లో ఏదీ అంత గట్టిగా పట్టలేదు. నాది మూడో రకం తంటా. దాన్ని నేనే, నా చేతి రాతతో, నీలం సిరాతో తయారు చేసుకున్నాను. మెడలో స్టెతస్కోపు వేసుకుని తిరిగే ఈ వయసులో అది తలుచుకుంటే నవ్వు రావాలి. వస్తుంది కూడా. కాకపోతే నవ్వు కంటే ముందు చెవులు వేడెక్కుతాయి.

ముందు మా సంగతి చెప్పాలి. మాది తెలకపల్లి దగ్గర ఒక పల్లె. మేము దూదేకులవాళ్లం. (ఈ మాట రాయడానికి ఇప్పుడు నాకు అరనిమిషం పట్టలేదు. అప్పట్లో నాలుగేళ్లు పట్టింది.) మా తాత దూది ఏకే విల్లు భుజాన వేసుకుని ఊరూరా తిరిగి, ఇళ్ల ముందు కూచుని, పాత పరుపుల్లో గడ్డకట్టిన దూదిని విడదీసి మళ్లీ మెత్తగా చేసి ఇచ్చేవాడు. ఆ విల్లు మనిషంత పొడుగుంటుంది. దానికి బిగించిన నరాన్ని కొయ్యతో కొడితే 'టంయ్' మని మోగి, దూది పింజలు పింజలుగా లేచి కొట్టినవాడి మీసం మీదే వాలుతుంది. నాయన కాలానికి మిషన్లొచ్చాయి. నాయన పరుపుల దుకాణంలో మిషన్ మీద పనిచేసేవాడు, తాత విల్లు గోడకెక్కింది. మేము నమాజు చేస్తాం, ఇంట్లో మాట్లాడేది తెలుగే. ఉర్దూ మాకు పక్కింట్లోంచి వినపడినంత మేరకే వచ్చు.

ఐదో తరగతిలో లెక్కల సారు, ఎక్కం అప్పజెప్పలేని ఒక పిల్లవాణ్ని 'పింజారి యెదవా' అని తిట్టాడు. సారుకు అది ఊతపదం. అది దూదేకులవాళ్లకున్న ఇంకో పేరని ఆయనకు తట్టి కూడా ఉండదు. క్లాసుకు మాత్రం తట్టింది. తిట్టు తిన్నది వాడు, అందరూ తిరిగి చూసింది నా వైపు. ఆ సాయంత్రం తాతను అడిగాను, "తాతా, మనను తిట్లల్ల ఎందుకు పెట్టిండ్రు?" అని. తాత బీడీ ఆర్పి, "మనం మెత్తగ జేసిన పరుపుల మీద పండుకుంటరు గద బిడ్డా, నిద్ర ఎక్కువై ఏం మాట్లాడుతరో ఆళ్లకే తెల్వదు" అన్నాడు. నాకు ఆ జవాబు చాల్లేదు. పెద్దయ్యాక డాక్టరునవుతానని అప్పటికే ఊరంతా చెప్పుకు తిరుగుతున్నదాన్ని, దాంతో పాటు ఇంకోటి కూడా అవుతానని ఆ రోజు లోలోపల తీర్మానించుకున్నాను. ఏమవుతానో తేలలేదు, దూదేకుల పిల్లనని మాత్రం ఎవరికీ తెలియనివ్వకూడదు.

నేను ఏడో తరగతికి వచ్చేసరికి నాయనకు రాయచూరులో ఒక పెద్ద పరుపుల కార్ఖానాలో పని దొరికింది. అందరం వెళ్లాం. నాయనకు అక్కడ మంచి పేరు, మంచి పని, మేస్త్రీ అయ్యే వరస. నేను కన్నడ చదవడం నేర్చుకున్నాను. రెండేళ్లు గడిచాక, మన పాలమూరు నుంచే వచ్చి అక్కడ దవాఖానలో కాంపౌండరుగా ఉన్న ఒకాయన ఓ రోజు చాయ్ దగ్గర నాయనతో అన్నాడట, "బిడ్డను డాక్టర్ జేస్తనంటున్నవ్ గద అన్నా, తొమ్మిది నుంచి ఇంటర్ దాంక వరసగ నాలుగేండ్లు మన తెలంగాణల సదవాలె. లేకుంటె లోకల్ గాదు" అని. నాయన వేళ్ల మీద లెక్కపెట్టుకున్నాడు. తొమ్మిది, పది, ఇంటర్ ఒకటి, ఇంటర్ రెండు. ఇంటికొచ్చి సామాను కట్టమన్నాడు. మేస్త్రీ వరస, మంచి పేరు, ఇంటికి కట్టిన అడ్వాన్సు అన్నీ వదిలేసి, మా ముగ్గురినీ, తాత విల్లునూ గద్వాల బస్సెక్కించి, అక్కడినుంచి వనపర్తికి తెచ్చాడు. దారిపొడుగునా కండక్టరు విల్లుకు కూడా టికెట్టు కొట్టాలా అక్కర్లేదా అని తాతతో వాదించాడు. నాకు మాత్రం గుండె గాలిలో తేలుతోంది. కొత్త ఊరు, అక్కడ ఎవరికీ మేమెవరమో తెలియదు.

బడిలో చేరే రోజు నాయన నన్ను ఆఫీసు గది దగ్గర వదిలి, కొత్త దుకాణంలో మొదటి రోజే ఆలస్యమైతే బాగుండదని పరుగున పోయాడు. పోయే ముందు ఖాళీ ఫారం కింద సంతకం పెట్టాడు. గుమాస్తా సారు నా రాయచూరు టీసీ చేతిలోకి తీసుకుని, తిప్పి, మళ్లీ తిప్పి చూశాడు. అదంతా కన్నడం. "గిదేంది, అన్నీ జిలేబీలు సుట్టినట్టుంది. నీకొస్తదా సదువుడు?" అన్నాడు. వస్తుందన్నాను. "అయితె నువ్వే జూస్కుంట ఈ ఫారం నింపు" అని పెన్ను నా చేతికిచ్చి, తను టిఫిన్ డబ్బా తెరిచాడు. టీసీలో కులం దగ్గర స్పష్టంగా 'పింజార' అని ఉంది. నేను దాని వైపు చూసుకుంటూ 'పఠాన్' అని రాశాను. చెయ్యి ఆ ఊపులో ఉండగానే, నా పేరు చివర 'ఖాన్' అని కూడా తగిలించాను. సారు మూతి తుడుచుకుని, ముద్ర కొట్టి, "మంచిగుంది నీ దస్తూరి" అని మెచ్చుకున్నాడు. నాయన నన్ను లోకల్ చేయడానికి ఊరు మార్చాడు, నేను మొదటి రోజే కులం మార్చేశాను.

మా పక్కింటాయన బస్టాండు దగ్గర గడియారాలు బాగుచేసేవాడు. ఉర్దూ ఇంటి మనిషి, వీధంతా 'మామూ' అనేది. ఆయన కూతురు నా క్లాసే. పొట్టిగా ఉంటుందని అందరూ బుడ్డి అనేవారు. రెండో రోజో మూడో రోజో బుడ్డి అడిగింది, "మీరు ఖాన్లా? ఏ ఖాన్లు?" అని. ఖాన్లలో రకాలుంటాయని నాకు అప్పటిదాకా తెలియదు. తడబడితే పట్టుబడతాను కదా, అందుకని గుర్రాలు తీసుకొచ్చాను. మా తాతల తాతలు ఎక్కడో కొండల అవతలి నుంచి గుర్రాల మీద వచ్చారని, సంస్థానంలో కొలువు చేశారని, గద్వాల కోటలో వాళ్ల గుర్రాలకు వేరే సాల ఉండేదని చెప్పాను. మొదటి రోజు రెండు గుర్రాలు. వారం తిరిగేసరికి వాటికి పేర్లు కూడా పెట్టాను. ఇంత చెబుతున్నప్పుడు నా జడలో ఎక్కడో ఒక దూది పింజ ఉండే ఉంటుంది, ఎందుకంటే మా ఇంట్లో కుండలో నీళ్లలో కూడా దూది తేలేది. నాయన సాయంత్రం ఇంటికొస్తే కనుబొమల మీద, చెవుల్లో దూది. "మా నాయినకు పరుపుల షోరూం ఉంది" అని చెప్పేదాన్ని. షోరూం యజమాని కనుబొమల దాకా దూదిలో ఎందుకు మునుగుతాడని బుడ్డి ఎప్పుడూ అడగలేదు. ఎంత మంచి పిల్ల అనుకున్నాను, ఎంత అమాయకురాలు అని కూడా అనుకున్నాను.

ఒక ఆదివారం బుడ్డీ, మరో ఇద్దరు క్లాసు పిల్లలూ చెప్పాపెట్టకుండా మా ఇంటికొచ్చారు. లోపల గోడకు ఆ విల్లు. దాచడానికి అదేమన్నా చెంచానా? "గదేంది?" అని ఒక పిల్ల అడిగింది. నా నోరు నన్నడగకుండానే, "పాత వాయిద్యం. మా తాతల తాతలు కోటల వాయించేటోళ్లు" అంది. "గుర్రాల మీద కదా వచ్చిండ్రు?" అని రెండో పిల్ల. "పొద్దున గుర్రాలు, సాయంత్రం వాయిద్యం" అన్నాను. అప్పుడు చూశాను, మూలన చాప మీద పడుకున్న తాత కళ్లు తెరిచే ఉన్నాయి. తాత మెల్లగా లేచాడు, విల్లు దించాడు, గోడకు ఆనుకుని కూచున్నాడు. కళ్లు మూసుకుని, కొయ్యతో నరాన్ని మూడుసార్లు కొట్టాడు. టంయ్, టంయ్, టంయ్. పెద్ద ఉస్తాదులా తల కూడా ఊపాడు. పిల్లలు చప్పట్లు కొట్టారు. వాళ్లు వెళ్లాక తిడతాడని తలవంచుకుని నిలబడ్డాను. తాత విల్లును మళ్లీ గోడకు తగిలిస్తూ, "ఇంకోపారి జర ముందుగాల జెప్పు బిడ్డా, గడ్డం దువ్వుకోనొస్త" అన్నాడు. అంతే. ఆయన ఆ రోజు నాకు రెండు తగిలించి ఉంటే, ఇదంతా రాయాల్సిన పని ఉండేది కాదేమో.

మామూ దగ్గర నేను కష్టపడి నేర్చుకున్న ఆరు ఉర్దూ వాక్యాలు వాడేదాన్ని. "ఖైరియత్ హై మామూ?" అని అడిగితే, ఆయన కంటికి పెట్టుకున్న గాజుబిళ్ల తీసి, నవ్వి, "మంచిగున్న బేటీ, నువ్వెట్లున్నవ్, బువ్వ తిన్నవా?" అని తెలుగులో జవాబిచ్చేవాడు. ఏడో వాక్యం నాకు రాదని ఆయనకు తెలుసునని నాకు తట్టలేదు. నాయనను ఆయన 'ఖాన్ సాబ్' అని పిలిచేవాడు. నాయన మురిసిపోయి అమ్మతో అనేవాడు, "పెద్దమనిషి పెద్దమనిషే. పరుపులు కుట్టెటోణ్ని పట్టుకోని ఖాన్ సాబ్ అంటడు" అని.

నాలుగేళ్లు గడిచాయి. నేను చదివాను, నిజంగానే చదివాను, ఆ ఒక్క విషయంలో అబద్ధం లేదు. పరీక్ష రాశాను, ర్యాంకు వచ్చింది. అది ఓపెన్‌లో సీటు వచ్చే ర్యాంకు కాదు. దూదేకులవాళ్లు బీసీ-బీ, అందులోనైతే అంచు మీద వచ్చేలా ఉందని అందరూ అన్నారు. కాగితాలన్నీ పట్టుకుని హైదరాబాదులో పరిశీలనకు వెళ్లాల్సిన తేదీ వచ్చింది. నాయన దుకాణంలో సెలవు పెట్టి రంగంలోకి దిగాడు. ఆయన ధ్యాసంతా లోకల్ మీదే. బడికి పోయి తొమ్మిది, పది బోనఫైడ్‌లు, కాలేజీకి పోయి ఇంటర్‌వి తెచ్చాడు. ఒక ప్లాస్టిక్ కవర్లో పెట్టి, దాన్ని ఇంకో కవర్లో పెట్టి, రాత్రి తలగడ కింద పెట్టుకుని పడుకునేవాడు. "నాలుగేండ్లు, ఒక్క దినం గూడ తక్కువ లేదు. రాయచూర్ నుంచి గందుకే గద తెచ్చిన" అని వచ్చినవాళ్లకూ పోయినవాళ్లకూ చెప్పాడు. ఆ కాగితాలు ఇంగ్లీషులో ఉన్నాయి. వాటి మధ్యలో కులం అని ఒక గడి ఉంది. నాలుగింటిలోనూ నేను రాసిన 'పఠాన్' ముత్యంలాగా కూచుని ఉంది. నాకు తెలుసు. నేను నోరు మెదపలేదు. (ఎలాగో సర్దుకుపోతుందిలే అనుకున్నాను. ఇప్పుడు నా దగ్గరికి ముదరబెట్టిన పుండుతో వచ్చే రోగులను ఇన్ని రోజులు ఏం చేశారని కోప్పడబోయి, ఈ సంగతి గుర్తొచ్చి గొంతు తగ్గిస్తాను.)

కుల ధ్రువీకరణ కోసం నాయన తన ఐదో తరగతి బడి రిజిస్టరు నకలు తెలకపల్లి పోయి తెచ్చుకున్నాడు. అందులో 'దూదేకుల' అని గుండ్రంగా రాసి ఉంది. నన్ను వెంటబెట్టుకుని తహసీల్ ఆఫీసుకు పోయాడు. అక్కడి గుమాస్తా రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి, కళ్లద్దాలు సర్దుకుని, నాయనను చూసి, నన్ను చూసి, "తండ్రేమో దూదేకుల, బిడ్డేమో పఠాన్. నడుమ ఏం జరిగిందయ్యా?" అన్నాడు. నాయనకు అర్థం కాలేదు. "మేం దూదేకులోళ్లమే సార్" అన్నాడు. "మరి నీ బిడ్డ నాలుగేండ్ల నుంచి పఠాన్ అని సదువుతుంది గద. పఠాన్లకు బీసీ లేదు. ఓసీ" అన్నాడాయన. నాయన నా వైపు చూశాడు. "బడోళ్లు తప్పు రాసినట్టుండ్రు నాయినా" అన్నాను. గుమాస్తాకు అవతలివాళ్లు పొరపాటు చేశారంటే చప్పున నమ్మకం కుదిరింది. అయినా కాగితాలు పొసగనప్పుడు విచారణ జరగాల్సిందేనని, రెవెన్యూ ఇన్‌స్పెక్టరు, ఆర్‌ఐ సారు, ఇంటికొచ్చి ఇరుగుపొరుగును అడిగి పంచనామా రాస్తాడని చెప్పాడు. పరిశీలనకు ఇంకా మూడు రోజులే ఉన్నాయి. నాయన ఇంటికొచ్చే దారిలో, "ఏం గాదు బిడ్డా, మామూ ఉండు గద. పెద్దమనిషి, మన గురించి నిజమే జెప్తడు" అన్నాడు.

మర్నాడు పొద్దున ఆర్‌ఐ సారు స్కూటరు మీద వచ్చాడు. దట్టమైన మీసాలు, చంకలో ఫైలు. మా గుమ్మం ముందు కుర్చీ వేశాం. వీధిలో సగం మంది పనులు మానుకుని వచ్చారు. బుడ్డి వాళ్ల గడప మీద కూచుంది. మామూ గాజుబిళ్ల జేబులో పెట్టుకుని, తెల్ల టోపీ సర్దుకుని ముందుకొచ్చాడు. సారు అడిగాడు, "వీళ్లు మీకెంత కాలం నుంచి తెల్సు? వీళ్లది ఏ కులం?" మామూ ఒకసారి నా మొహం చూశాడు. నేను నేల చూశాను. ఆయన గుండె మీద చెయ్యేసుకుని మొదలుపెట్టాడు. "సాబ్, గీళ్లు అస్సల్ పఠాన్లు సాబ్. ఖాన్దానీ మనుషులు. గీళ్ల దాదాలు, పర్‌దాదాలు కొండల అవతల్నుంచి గుర్రాల మీద వచ్చిండ్రు. గద్వాల కోటల గీళ్ల గుర్రాలకు అలగ్ సాల ఉండె. నాలుగు గుర్రాలు సాబ్!" నేను చెప్పినవి రెండే. పక్కింటికి వెళ్లేసరికి ఈనినట్టున్నాయి. ఆర్‌ఐ సారు రాసుకుంటూ పోతున్నాడు. మా అమ్మ తలుపు చాటున నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. నాయన నోరు తెరుచుకుని నిలబడి, చివరికి, "ఎవరి గుర్రాలు?" అన్నాడు.

"అయితె పఠాన్, ఓసీ. ఇగ సంతకం పెట్టు చాచా" అని సారు నాయన మాట పట్టించుకోకుండా కాగితం తిప్పాడు. ఆ ఒక్క సంతకంతో నా సీటు పోతుంది. రాయచూరు వదిలి నాయన ధారపోసిన నాలుగేళ్లూ దానితోపాటే పోతాయి. నాకు తెలుసు, ఆ అబద్ధం ఎవరు రాశారో కూడా తెలుసు. అయినా నా నోరు తెరుచుకోలేదు. బుడ్డి చూస్తోంది, వీధంతా చూస్తోంది, ఈ క్షణం ఎలాగో దాటిపోతే చాలని మాత్రమే నాకు ఉంది. సిగ్గు అనేది మనిషిని ఎంత మూర్ఖంగా చేస్తుందో ఆ రోజు నాకంటే బాగా తెలిసినవాళ్లు మా తాలూకాలో ఉండరు. మామూ పెన్ను అందుకోబోతుండగా లోపలి నుంచి తాత వచ్చాడు. భుజం మీద విల్లుంది. గడ్డం దువ్వుకున్నాడు.

"గిదేంది పెద్దాయనా?" అన్నాడు సారు. తాత విల్లును కుర్చీ ముందు నేల మీద పెట్టి, నా వైపు తిరిగాడు. "బిడ్డ జెప్తది సార్. బిడ్డకు తెల్సు" అన్నాడు. తర్వాత నాకొక్కదానికే అన్నట్టు, "చెప్పు బిడ్డా, నువ్వేది జెప్తె నేను గదే. వాయిద్యమంటె వాయిస్త" అన్నాడు. ఆయన అన్నది ఎగతాళికి కాదు, అదీ నన్ను ఈనాటికీ పట్టి లాగేది. నేను వాయిద్యమంటే ఆయన నిజంగానే కళ్లు మూసుకుని తల ఊపేవాడు. అమ్మ సారుకిచ్చిన చాయ్ మీద మీగడ కట్టింది. చివరికి, "దూది ఏకే విల్లు సార్" అన్నాను. "జర గట్టిగ చెప్పమ్మా" అన్నాడు సారు. గట్టిగా చెప్పాను. "దూది ఏకే విల్లు సార్. మేం దూదేకులోళ్లం. మా తాత ఊరూరా దూది ఏకిండు. మా నాయిన పరుపులు కుడ్తడు. పఠాన్ అని బడోళ్లు రాయలేదు, నేనే రాసిన. గుర్రాలు లేవు సార్."

"ఒక్కటి గూడ లేదా?" అన్నాడు సారు. వీధంతా గొల్లుమంది. నాకు నేల చీలి లోపలికి పోవాలనిపించింది, నేల చీలలేదు. సారు నవ్వాపుకుని మామూ వైపు తిరిగాడు. "ఏం చాచా, పెద్దమనిషివి, అబద్ధం సాక్ష్యం జెప్తవా? కేసైతది, ఎరికేనా?" మామూ మొహం వాడిపోయింది. "తెల్వక గాదు సాబ్" అన్నాడు చేతులు నలుపుకుంటూ. "వచ్చిన వారానికే తెల్సు. మా ఇంట్ల పరుపు గీ అన్నే కుట్టిండు. మా బిడ్డ జెప్పింది, అబ్బా, ఆ పిల్ల ఖాన్ అంటుంది, నువ్వు గూడ ఖాన్ అను, లేకుంటె ఏడుస్తది అని. నాలుగేండ్ల సంది అంటున్న. ఇయ్యాల గవర్నమెంట్ ముంగట కాదంటె బేటీ ఇజ్జత్ ఏం గావాలె సాబ్? ఈ సర్టిఫికేట్ల సంగతి నాకేం తెల్సు. పఠాన్ అంటె మంచే అయితదనుకున్న." నేను బుడ్డి వైపు చూశాను. బుడ్డి గోళ్లు చూసుకుంటోంది. నాలుగేళ్లుగా నేను వాళ్లను మోసం చేస్తున్నాననుకున్నాను. వాళ్లంతా కలిసి నా అబద్ధాన్ని నా కోసం, పగిలిపోకుండా, చేతులు మార్చుకుంటూ మోశారు.

సారు పాత కాగితం చింపి కొత్తది తీశాడు. తాతను అడిగాడు, "నిజంగ వస్తదా నీకు పని?" తాత బుడ్డిని పిలిచి పాత తలగడ ఒకటి తెమ్మన్నాడు. బుడ్డి పరుగెత్తి తెచ్చింది. తాత దాని కుట్లు విప్పి, గడ్డకట్టిన దూదిని నేల మీద పరిచి, విల్లు పట్టుకుని కూచున్నాడు. కొయ్య నరానికి తగిలింది. ఆ రోజు గోడకానుకుని కొట్టిన మూడు దెబ్బలకూ దీనికీ పోలికే లేదు. చెయ్యి ఆగకుండా ఆడుతుంటే దూది పొరలు పొరలుగా లేచి వీధిలోకి ఎగిరింది. పిల్లలు దానివెంట పరుగెత్తారు. ఆర్‌ఐ సారు మీసాల మీద, ఫైలు మీద, ఇంకు ఆరని పంచనామా మీద వాలింది. ఆయన వరసగా తుమ్ముతూనే, "చాలు పెద్దాయనా, చాలు! నమ్మిన!" అని చేతులెత్తాడు. మామూ సంతకం పెట్టాడు. ఇంకో ఇద్దరు పొరుగువాళ్లూ పెట్టారు. బడి కాగితాల్లో తప్పు నేను రాసిందేనని, ఖాన్ ఉన్న పేరూ ఖాన్ లేని పేరూ రెండూ తన బిడ్డవేనని, నాయన అఫిడవిట్ రాసిచ్చాడు. ధ్రువపత్రం పరిశీలనకు ముందు రోజు సాయంత్రం చేతికొచ్చింది.

హైదరాబాదు బస్సులో నాయన కిటికీ పక్క కూచున్నాడు. చెవిలో చిన్న దూది పింజ అలాగే ఉంది, తీద్దామని చెయ్యి లేపి, ధైర్యం చాలక దించేశాను. జడ్చర్ల దాటాక ఆయనే అన్నాడు, "గన్ని ఫారాలల్ల గట్లనే రాసినవా బిడ్డా?" ఊఁ అన్నాను. "స్కాలర్‌షిప్ ఫారం రాలేదంటివి, గది గూడ గిందుకేనా?" ఊఁ అన్నాను. ఆయన కాగితాల కవరు ఒళ్లో సర్దుకుని, "అన్నిటి కింద సంతకం నాదే గద. నాకు ఇంగ్లీష్ సదువొస్తె అప్పుడే అడుగుదు" అన్నాడు. తప్పును తన వైపు జరుపుకుని కూచున్నాడు, బస్సులో సీటు జరిగినట్టుగా. నన్ను తిట్టినా, కొట్టినా, ఏడ్చినా నేను ఎప్పుడో మరిచిపోయేదాన్ని. ఆ మాట మరిచిపోలేదు. పరిశీలనలో బల్ల వెనకాల కూచున్న ఆమె నా కాగితాలు తిప్పుతూ, ధ్రువపత్రానికి జతచేసిన పంచనామా నకలుకు అంటుకున్న దూది పోగును గోటితో తీసేసి, "లోకల్ ఓకే, బీసీ-బీ ఓకే" అంది. నాయన లోకల్ అన్న మాట విని కళ్లు తుడుచుకున్నాడు. రెండో మాట ఆయనకు ఎప్పుడూ సందేహం కాదు.

సీటు వచ్చింది, చదువయింది, ఇప్పుడు నాగర్‌కర్నూల్ వైపు ఒక ప్రభుత్వ దవాఖానలో పనిచేస్తున్నాను. బుడ్డి ఆత్మకూరులో టీచరు. పిల్లలను ఏ పేరు పెట్టీ తిట్టదని చెప్పుకుంటారు. తాత నేను మూడో ఏడులో ఉండగా పోయాడు. విల్లు నా క్వార్టరు గోడ మీద ఉంది. నేను చేసిన పనికి శిక్ష మాత్రం ఇంకా నడుస్తూనే ఉంది. పదో తరగతి మెమోలో పడిన పేరును మార్చడం కులాన్ని మార్చినంత సులువు కాదని తర్వాత తెలిసింది. డిగ్రీ మీద, రిజిస్ట్రేషన్ మీద, నా గది బయటి బోర్డు మీద నా పేరు చివర ఖాన్ అలాగే నిలిచిపోయింది. ఆ బోర్డు చూసి దూరదూరం నుంచి ముసలమ్మలు వచ్చి, మన మనిషి దొరికిందని, మోకాళ్ల నొప్పుల దగ్గర్నుంచి కోడళ్ల దాకా గడగడా ఉర్దూలో చెప్పుకుంటారు. నేను నా ఆరు వాక్యాలూ వరసగా వాడేసి, ఏడో దాని దగ్గర చెమటలు పట్టి కూచుంటాను.

మొన్నొక ముసలమ్మ ఉప్పునుంతల నుంచి వచ్చింది. నా ఉర్దూ నాలుగో వాక్యానికే ఆమెకు సంగతి అర్థమయినట్టుంది, తెలుగులోకి దిగింది. "ఏ ఖాన్లమ్మా మీరు?" అంది. సరిగ్గా బుడ్డి అడిగిన ప్రశ్న. ఒక్క క్షణం ఆగాను. ఇన్నేళ్లయినా ఆ ఒక్క క్షణం ఆగుతాను, అబద్ధం చెప్పను కానీ ఆగుతాను, ఆ తర్వాత సిగ్గుపడేది ఆ ఆగినందుకే. దూరంగా ఎక్కడో రెండు గుర్రాలు చెవులు నిక్కించి, పిలుస్తానేమోనని చూశాయి. "దూదేకుల ఖాన్లం అవ్వా" అన్నాను. ఆమె నా మొహంలోకి వంగి, "గట్లనా! మరి గప్పట్నుంచి జెప్పవేంది? మా ఇంట్ల పరుపు రాయి లెక్కయింది, ఈ నడుం నొప్పి అందుకే. మీ నాయినకు జెప్తవా?" అంది. నేను మందుల చీటీ వెనక్కి తిప్పి, ఆమె ఊరూ ఇల్లూ మంచి దస్తూరితో రాసుకున్నాను.